జేజి పెట్టెలో దొరికిన పాత బొమ్మలకు కొత్త రంగు వేయించాలా?

అమ్మా, మీ ప్రశ్న రెండుసార్లు చదివినాను. జమ్మలమడుగు పక్క పల్లెలో మీ జేజి పోయినాక ఇల్లు ఖాళీ చేస్తుంటే అటక మీద మూడు గాండ్ల (చక్రాల) నడకబండి, ట్రంకు పెట్టెలో ఒక సెట్టు లక్కపిడతలు, ఎర్రచందనం బొమ్మల జత, కీ ఇస్తే పరుగెత్తే తగరపు కారు, ఒక తోలుబొమ్మ దొరికాయన్నారు. కొన్ని మీ నాయనవి, కొన్ని మీవి. అన్నిటికీ కొత్త రంగు వేయించి బెంగళూరు ఇంట్లో షోకేసులో పెట్టాలా, నాలుగేళ్ల పాపకు ఆడుకోను ఇవ్వచ్చా అని అడిగారు. ఆ పిడతలు చూసి గంటసేపు ఏడ్చానని, ఇది మరీ అతి అంటారా అనీ అడిగారు.

ముందు జవాబు చెప్పేస్తా. రంగు వేయించొద్దు. దేనికీ వద్దు. పాపకు ఎర్రచందనం జత ఇవ్వచ్చు, దాని మీద పెయింటు లేకపోతేనే. లక్కపిడతలు మీరు పక్కన కూర్చుని చూపించండి, నోట్లో పెట్టుకోనివ్వొద్దు. తగరపు కారు, తోలుబొమ్మ ఆటకు పనికిరావు. నడకబండి వయసు పాపకు దాటిపోయింది. ఏడుపు సంగతి చివర్లో చెప్తా, దానికి కొంచెం పెద్ద కథే ఉంది.

నేను ప్రొద్దుటూరులో లేత్ మీద కర్ర తిప్పి చెక్కే పని చేస్తా. ముప్పై ఏళ్లు దాటింది. అంతకు ముందు అదే అంగడిలో మా నాయన. మాకు కూడు పెట్టింది మంచం కోళ్లు, రోకళ్లు, కవ్వాలు, చపాతీ కర్రలు. బొమ్మల రిపేరు దానంతట అదే వచ్చి తగులుకుంది. గాను ఊడిన బండి ఒకరు తెచ్చారు, బాగుచేసి ఇచ్చినా, వాళ్లు ఇంకొకరికి చెప్పారు. అట్లా ఇప్పుడు నెలకు నాలుగైదు పాత బొమ్మలు వస్తాయి. లాభం లేని పని, అయినా వదల్లేకపోతున్నా.

రంగు వద్దని ఇంత గట్టిగా చెప్పడానికి కారణం నేను చేసిన తప్పు. పదిహేనేళ్ల కింద మైదుకూరు వైపు నుంచి ఒకాయన నడకబండి తెచ్చినాడు. టేకు బండి, వాళ్ల అబ్బ (తాత) చేయించిందంట. గాండ్లు అరిగినాయి, పిడి ఊగులాడుతోంది. "కొత్తదాని మాదిరి చేసియ్యన్నా, కొడుక్కి బిడ్డ పుట్టినాడు" అన్నాడు. నేనూ ఉత్సాహంగా కూర్చున్నా. కొత్త గాండ్లు లేత్ మీద పట్టి బిగించినా. పాత రంగు మొత్తం గీకి, గరుకు కాగితం పట్టి, ఎరుపూ పచ్చా పెయింటు కొట్టినా. అడ్డపట్టె అడుగున వరసగా ఏడెనిమిది గాట్లు కనపడ్డాయి. పాతకాలం వడ్రంగి ఉలి జారిన గీతలనుకుని చిత్రిక పట్టి నున్నగా చేసేసినా.

ఆయన వచ్చినాడు. బండిని చూసి మురిసినాడు. తర్వాత దాన్ని తిరగేసి అడ్డపట్టె మీద వేలు పెట్టి అటూ ఇటూ పోనిచ్చినాడు.

"ఇక్కడ గాట్లుండల్ల కదన్నా?"

వాళ్లింట్లో ఒక్కో బిడ్డ బండి వదిలేసి సొంతంగా నడిచిన రోజు వాళ్లబ్బ ఉలి తీసుకుని ఒక్కో గాటు పెట్టేవాడంట. అందులో ఒకటి ఆయనది, ఒకటి వాళ్ల నాయనది. నేను అన్నీ కలిపి ఒక్క తోపులో తీసేసినా. డబ్బులు లెక్కపెట్టి ఇచ్చి బండి ఎత్తుకుని పోయినాడు. బేరం కూడా ఆడలేదు. బేరమాడి రెండు మాటలన్నా ఉంటే నాకు బాగుండేది.

ఆ రోజు నుంచి ఏ బొమ్మ వచ్చినా ముందు తిరగేసి అడుగు చూస్తా, ఫొటో తీస్తా, ఆ తర్వాతే ఉలి పట్టుకుంటా. పాత బొమ్మల్లో అరుగుదల చాలాసార్లు అరుగుదల కాదు, రాత. చదవడం మనకు తెలియకపోతే చెత్త మాదిరి కనపడుతుంది.

ఇప్పుడు ఒక్కొక్కటిగా చూద్దాం.

లక్కపిడతలు. బుల్లి కుండ, తిరగలి, రోలు, చెంబు ఉన్నాయన్నారు. ఫొటోలో చూస్తే చెన్నపట్నం పని మాదిరి ఉంది, మద్రాసు కాదు, కర్ణాటకలో బెంగళూరు-మైసూరు దారిలో ఉండే ఊరు. మనకు ఆ ఊరు దగ్గర, బెంగళూరు, మైసూరు పోయొచ్చేవాళ్లు తెచ్చేవాళ్లు. మన రాష్ట్రంలో ఈ పనికి పేరు ఏటికొప్పాక, అనకాపల్లి జిల్లాలో వరాహ నది ఒడ్డు. అక్కడ అంకుడు కర్ర అంటారు, చెన్నపట్నంలో ఆలె మర అంటారు, రెండూ ఒకే చెట్టు. పాలలాంటి తెల్ల కర్ర, మెత్తన, లేత్ మీద వెన్నలాగా తెగుతుంది. ఆ కర్ర గిరగిరా తిరుగుతుంటే లక్క కడ్డీని దానికి ఆనిస్తారు. రాపిడి వేడికి లక్క కరిగి కర్రకు పట్టుకుంటుంది. ఆ మీదట మొగలి ఆకుతో అదిమి పట్టుకుంటే అద్దం మాదిరి నిగనిగ వస్తుంది. బ్రష్షు లేదు, తడి లేదు, ఆరబెట్టడం లేదు. నేను లేత్ పనివాణ్ణే అయినా ఆ ఆకు ఆనించే చెయ్యి నాకు రాలేదు. రెండుసార్లు ప్రయత్నం చేసి వేళ్లు కాల్చుకున్నా.

ఇందులో మీకు పనికొచ్చే ముక్క ఏందంటే లక్క స్పిరిట్‌లో కరుగుతుంది. 2020లో, కరోనా భయంలో, ఒకామె తన చిన్నప్పటి పిడతలన్నిటికీ శానిటైజర్ రాసి తుడిచింది. పిడతలు జిగురుజిగురుగా అయి ఒకదానికొకటి అతుక్కున్నాయి, తుడిచిన గుడ్డకంతా రంగు. నా దగ్గరికి తెచ్చేసరికి చేసేదేమీ మిగల్లేదు. వేడినీళ్లూ పనికిరావు, లక్క మెత్తబడుతుంది. నూలుగుడ్డ తడిపి గట్టిగా పిండి తుడవండి, వెంటనే పొడిగుడ్డతో రుద్దండి. మెరుపు దానంతట అదే రవ్వంత తిరిగొస్తుంది. చాలు.

లక్క అంటే సహజం, సహజమంటే పిల్లలకు మంచిదే అని కొందరు గుడ్డిగా నమ్ముతారు. లక్క సహజమే, అందులో కలిపిన రంగు సహజమో కాదో పాత వస్తువు చూసి చెప్పలేం. ఒక కాలంలో బజారు రంగులు కలపడమే ఎక్కువ. ఏటికొప్పాకలో చెట్ల రంగులు మళ్లీ వాడకంలోకి రావడానికి సి.వి. రాజు గారు ఏళ్లపాటు పనిచేశారు, ఆయనకు 2023లో పద్మశ్రీ వచ్చింది. మీ పిడతలు పాతకాలంవి, ఏ రంగు కలిపారో తెలియదు. అందుకే నోట్లో వద్దన్నా. పాపకు వంటాట కావాలంటే కొత్త సెట్టు కొనండి. 2021 జనవరి 1 నుంచి మన దేశంలో అమ్మే పిల్లల బొమ్మలకు ఐఎస్ఐ గుర్తు తప్పనిసరి చేశారు. ఫలానా ఊరి పని అని భౌగోళిక గుర్తింపు (జీఐ) ఉన్న బొమ్మలకూ, నమోదైన చేతివృత్తి కళాకారులు చేసేవాటికీ మినహాయింపు ఉంది. కాబట్టి ఏటికొప్పాక బొమ్మ మీద ఆ గుర్తు లేదని అంగడివాణ్ణి దొంగ అనుకోవద్దు.

నడకబండి. ఎనామిల్ పెయింటు పొరలుపొరలుగా ఉందన్నారు. పాత పెయింటులో సీసం ఉండొచ్చు. ఇళ్లకు వాడే పెయింట్లలో సీసం 90 పీపీఎం (పది లక్షల పాళ్లలో 90 పాళ్లు) దాటకూడదన్న నిబంధన మన దగ్గర అమల్లోకి వచ్చింది 2017 నవంబరులో. అంతకు ముందు వేసిన రంగును నమ్మలేం. దాన్ని పొడిగా గీకొద్దు, గరుకు కాగితం పట్టొద్దు. బండి మీద ఊరికే ఉన్న రంగు కన్నా ఇంట్లో లేచే ఆ దుమ్మే పిల్లలకు ఎక్కువ చేటు. నేనే మూతికి గుడ్డ కూడా కట్టుకోకుండా ఎన్ని గీకినానో లెక్కలేదు, ఆ తెలివి ఇప్పుడు వచ్చింది. రంగు పెచ్చులు రాలుతుంటే తడిగుడ్డతో ఎత్తేసి, బండిని పాపకు అందనంత ఎత్తులో పెట్టండి. గాను ఊడితే గాను మాత్రం చేయించుకోండి. కొత్త గాను కొత్తదిగానే కనపడనీండి, పాతదాని మాదిరి వేషం వేయించొద్దు.

ఎర్రచందనం జత. ఈ చెట్టు మన పాలకొండలు, శేషాచలం, వాటి చుట్టుపక్కల తూర్పు కనుమల్లో తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా అడవిగా పెరగదు. తిరుపతికి పోయిన ప్రతి ఇంటికీ ఒకప్పుడు ఈ రాజారాణి జత వచ్చేది. మా జేజి పిల్లలకు కాలు బెణికితే బొమ్మ అడుగుభాగాన్ని తడి బండ మీద అరగదీసి ఆ గంధం పట్టించేది. మా ఇంటి రాణికి అందుకే పాదాలు లేవు. మందు పనిచేసిందో లేదో గానీ, చల్లగా మాత్రం ఉండేది. మీ బొమ్మల అడుగు కూడా ఒకవైపు వాలుగా అరిగి ఉంటే అది పగులు కాదు, ఎవరి వాపో తగ్గించిన గుర్తు. ఇది అసలుదా కాదా అన్న అనుమానం ఉంటే నీళ్లలో వేయండి, నిఖార్సైన చేవ కర్ర ఎక్కువగా మునుగుతుంది. రంగు పూసిన బొమ్మకు మాత్రం ఈ పరీక్ష పెట్టొద్దు. మీ తమ్ముడు అమెరికాలో ఉన్నాడని రాశారు కాబట్టి ఇంకో మాట. ఒక బొమ్మ ఆయనకు పంపే ఆలోచన ఉంటే మానుకోండి. ఎర్రచందనం దేశం దాటించడానికి సవాలక్ష ఆంక్షలున్నాయి, విమానాశ్రయంలో మీ జేజి కథ ఎవరూ వినరు.

తగరపు కారు. అంచులు తుప్పుపట్టి బ్లేడు మాదిరి ఉంటాయి, రంగు సంగతి పైన చెప్పిందే. కీ బిగుసుకుని ఉంటే బలవంతాన తిప్పొద్దు, లోపల స్ప్రింగు తెగితే అంతే. కుట్టుమిషను నూనె ఒక్క చుక్క వేసి రెండు రోజులు వదిలేయండి. ఎప్పుడైనా అమ్మే ఆలోచన ఉంటే, పాత బొమ్మలు సేకరించేవాళ్లు సొట్టలున్నా అసలు రంగుకే ధర కడతారు. పెయింటు వేసినదాన్ని కన్నెత్తి చూడరు.

తోలుబొమ్మ. ఇది నా విద్య కాదు. తడి తగలనీయొద్దు, మడవొద్దు, నూనె రాయొద్దు, ఇస్త్రీపెట్టె అసలే వద్దు. రెండు తెల్లకాగితాల మధ్య పరిచి, ఎండ పడని చోట, ఎలుకలు రాని చోట పెట్టండి. సెలవుల్లో వచ్చినప్పుడు ధర్మవరం దగ్గర నిమ్మలకుంటకు తీసుకుపోండి. ఆ ఊరు ఇప్పుడు సత్యసాయి జిల్లా కిందికి పోయింది గానీ మా నోట్లో అనంతపురం నిమ్మలకుంటే. అక్కడి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. మేకతోలును వెలుగు దాటేంత పల్చగా చేసి, ఉలితో చిల్లులు కొట్టి, రెండువైపులా రంగులు దిద్దే ఇళ్లు ఆ ఊళ్లో ఇంకా ఉన్నాయి. మీది పెద్ద పొట్ట, ముందుకు పొడుచుకొచ్చిన పిలకతో ఉంది కాబట్టి జుట్టుపోలిగాడు అనుకుంటున్నా, ఆటలో జనాన్ని నవ్వించే వేషం. రామాయణం మధ్యలో జనం కునుకు తీస్తుంటే అట్లాంటిదే ఇంకో బొమ్మ బంగారక్కతో తగువు పెట్టుకుని లేపేది వీడే. ఆటగాళ్ల బొమ్మ మీ పెట్టెలోకి ఎట్లా వచ్చిందో ఇంట్లో పెద్దవాళ్లు ఎవరైనా ఉంటే ఇప్పుడే అడిగి రాసిపెట్టుకోండి.

అసలు అన్నిటికన్నా ముందు చేయాల్సిన పని ఇదే. ఒక్కో బొమ్మకు ఒక చీటీ రాసి దారంతో కట్టండి. ఎవరిది, ఎవరు తెచ్చారు, ఏ తిరునాళలో కొన్నారు. "కదిరి తేరుకు పోయినప్పుడు నాయన కొనిచ్చింది" అన్న ముక్క ఉంటే చాలు. బొమ్మను నేను బాగుచేయగలను, ఆ ముక్కను చేయలేను.

ఇక మీ ఏడుపు. అతి కాదమ్మా. నా అంగట్లో ఏడ్చినవాళ్లను చూసినా, అందులో పోలీసాయన ఒకరు. నేను గమనించింది ఒకటుంది. రిపేరుకు వచ్చే బొమ్మల్లో ఖరీదైనవి తక్కువ. ఎక్కువ భాగం ఇంట్లోవాళ్లు చేసినవో, చేయించినవో, కనీసం ఒకసారి బాగుచేసినవో. బొమ్మ మీద ఎవరిదో చెయ్యి పడి ఉంటుంది, మనకు గుర్తొచ్చేది ఆ చెయ్యి.

మా చిన్నప్పుడు బొమ్మ అంటే పనిలో మిగిలిన ముక్క. మా నాయన మంచం కోళ్లు పట్టగా మిగిలిన మోడులతో వేసవి సెలవులకు ముందు బొంగరాలు తీసేవాడు. మేకు కొట్టి, తల కత్తిరించి, ఆకురాయితో రాసి, తిప్పి అరచేతిలోకి ఎక్కించుకునేవాడు. చెయ్యి గీరితే మళ్లీ రాసేవాడు. గీరకుండా నిద్రపోయినట్టు నిలబడి తిరిగితేనే పిల్లోడి చేతికి. ఇనుప మంచాలు వచ్చాయి, కోళ్ల పని పోయింది, మోడులు లేవు, బొంగరమూ పోయింది. ప్లాస్టిక్ బొంగరం వచ్చి మా బొంగరాన్ని చంపిందని అందరూ అంటారు. నేను ఒప్పుకోను. మా బొంగరం అంతకు ముందే, మంచం కోడుతో పాటే పోయింది.

జొన్నదంటు బండి కూడా అంతే. సంక్రాంతి దాటినాక చేలో జొన్న కోస్తే పిల్లలకు పండగ. దంటు పైతోలు పేళ్లుపేళ్లుగా చీలుస్తాం, పెదవి తెగుతుందని తెలిసినా పళ్లతోనే. లోపలి బెండును ముక్కలు చేస్తాం. పేళ్లే మేకులు, పేళ్లే ఇరుసు, పేడును వంచి గుండ్రంగా గుచ్చితే గాను. బెండు ముక్కకు రెండు పేళ్లు గుచ్చితే కొమ్ములున్న ఎద్దు. జిగురు లేదు, పైసా ఖర్చు లేదు. అనంతపురం వైపు జొన్న, కొర్ర పోయి శనక్కాయ వచ్చింది, ఇటు కొన్ని ఊర్లలో పత్తి వచ్చింది. శనక్కాయ చెట్టుతో బండి చేయలేరు కదా. పంట మారితే పిల్లల ఆటా మారిపోయింది, దాని లెక్క ఎవరూ రాసుకోలేదు.

మా ఇంటామెది ఆదోని వైపు. అక్కడ జ్యేష్ఠ అమావాస్యకు మట్టెద్దులు తెచ్చి పూజ చేస్తారు. వాన కోసం ఎదురుచూసే రోజులు అవి. సాయంత్రం దాకా దండం పెట్టిన ఎద్దులతో తెల్లారి పిల్లలు వసారాలో సేద్యం చేసేవాళ్లంట. దేవుడికీ బొమ్మకూ మధ్య ఒక్క రాత్రే అడ్డం.

ఇదంతా చెప్పి ఆ కాలమే బంగారమని నేననను. కరువు ఏడాదిలో మాకు తిరునాళా లేదు, బొమ్మా లేదు. లక్కపిడతలు ఉన్నోళ్ల ఇళ్లలోనే ఉండేవి, మా అక్కకు వంటాట అంటే పగిలిన పెంకులే. పైగా బొంగరం మగపిల్లోళ్లది అని ఆమెకిచ్చేవాళ్లు కాదు. దొడ్లో ఎవరూ లేనప్పుడు నా కన్నా బాగా తిప్పేది. మొన్న అరవై దాటినాక నా అంగడికొచ్చి ఒకటి తీసుకుని బండ మీద వేసింది. నిలబడింది. నా వైపు చూసి ఏమీ అనలేదు, ఇంకోసారి తాడు చుట్టుకుంది.

పాపకు ఏం ఇవ్వాలన్న దానికి నా మాట ఇదే. పెట్టెలోవి దాచండి, ఆమెకు మాత్రం ఒక్కటైనా మీ చేత్తో చేసివ్వండి. సంక్రాంతి నుంచి శివరాత్రి లోపల ఊరికొస్తే జమ్మలమడుగు నల్లరేగడి చేలల్లో దంట్లు ఇంకా దొరుకుతాయి. పేళ్లు మీరు చీల్చివ్వండి, ఆ అంచులు చాలా పదును. గుచ్చేపని ఆమెకు వదిలేయండి, బండి వంకరగా వచ్చినా సరిచేయొద్దు.

నడకబండికి గాను కావాలంటే తీసుకురండి, మీ ఊరికి ప్రొద్దుటూరు దగ్గరే. ఫొటోలో పైభాగమే కనపడుతోంది. దుమ్ము తుడిచే ముందు ఒకసారి తిరగేసి, అడ్డపట్టె అడుగున ఏమైనా ఉందేమో చూసి చెప్పండి.